ముక్కాయన అప్పీలు

బజారులో ఆయన్ని అందరూ ముక్కాయన అనేవారు. ముక్కేమీ పెద్దది కాదు. మామూలు ముక్కే, కాస్త చప్పిడి కూడాను. అది చేసే పని మాత్రం మామూలుది కాదు. ఆయనది కాఫీ పొడి కొట్టు. పచ్చి గింజలు తెచ్చి, వెనక గదిలో ఇనప పీపాలో పోసి, కింద మంట పెట్టి, పీపా తిప్పుతూ వేయించి, మరాడించి అమ్మేవాడు. గింజ వేగుతున్నప్పుడు మొదట తడి గడ్డి వాసన వస్తుంది. కాసేపటికి కాల్చిన రొట్టె వాసన వస్తుంది. ఆ తర్వాత ఇంకేదో వస్తుంది. ఆ ఇంకేదో ఏమిటో ఆయన ఎవరికీ చెప్పలేకపోయేవాడు గానీ, అది వచ్చీరాగానే పీపా వంచేసేవాడు. కాస్త ముందు వంచితే పొడి పులుపెక్కుతుంది, కాస్త ఆలస్యమైతే చేదెక్కుతుంది. ఆయన పొడి ఎప్పుడూ రెండూ కాదు. అందుకే నాలుగు వీధుల అవతల నుంచి కూడా జనం డబ్బాలు పట్టుకుని వచ్చేవారు.

కొట్టు మూశాక ఆ ముక్కు కొట్టులోనే ఉండిపోతే ఇంట్లోవాళ్ళకి ఏ బాధా ఉండేది కాదు. అది కూడా ఆయనతో పాటు ఇంటికొచ్చేది. గుమ్మంలో చెప్పులు విడుస్తూనే, "నిన్నటి కూరేనా?" అనేవాడు. తువ్వాలు అందుకుని, "ఇది నీడన ఆరేశావు," అనేవాడు. "మీ తమ్ముడొచ్చి వెళ్ళాడా? కిటికీలు తియ్యి, సిగరెట్టు కంపు," అనేవాడు. పెళ్ళయిన ఇన్నేళ్ళలో ఆ ఇల్లాలు ఒక్క గిన్నె మాడ్చి దాచుకోలేకపోయింది. అడుగంటిన కూరని పైపైన తీసి వేరే గిన్నెలో సర్దినా, పళ్ళెం ముందు కూర్చోగానే ఆయన కనుబొమలు దగ్గరికొచ్చేవి. ఆ తర్వాత ఉపన్యాసం.

ఆమె సంగతి సరే, కన్నతల్లికే దిక్కులేదు. ఆవిడకి, అంటే ఆ ఇల్లాలి అత్తగారికి, నస్యం అలవాటు. పెరట్లో అరటిచెట్ల చాటున పీల్చి, మొహం కడుక్కుని, లవంగం నమిలి లోపలికొచ్చినా, పక్కగదిలోంచి, "అమ్మా, మళ్ళీనా?" అని కేక వినపడేది. ఆ పోరు పడలేక ఆవిడ నస్యం మానేసి, ఆ కోపం కోడలి మీద చూపించేది.

అలాంటి ముక్కాయన ఒక రోజు స్కూటరు మీద, కాళ్ళ మధ్య పచ్చి గింజల బస్తా పెట్టుకుని వస్తుంటే, సందులోంచి ఒక నీళ్ళ ట్యాంకరు వెనక్కి వచ్చింది. దాని డ్రైవరు వెనక్కి చూడలేదు, హారన్ కొట్టలేదు. స్కూటరు అటు పడింది, బస్తా ఇటు పడింది, ఆయన వెల్లకిలా కాలిబాట అంచు మీద పడ్డాడు. తల వెనక కుట్లు పడ్డాయి, ముంజేతికి కట్టు పడింది. చూడవచ్చిన వాళ్ళంతా గండం గడిచిందని చెప్పి, పళ్ళు ఇచ్చి వెళ్ళారు.

ఆసుపత్రి నుంచి ఇంటికొచ్చిన పూట ఇల్లాలు కాఫీ కలిపి ఇచ్చింది. ఆయన ఒక గుక్క తాగి, కప్పులోకి చూశాడు.

"వేడినీళ్ళిచ్చావేమిటే?" అన్నాడు.

ఆమె వంగి చూసింది. గదంతా కాఫీ వాసనే.

డాక్టరు చెప్పిందేమిటంటే, తల వెనక గట్టిగా తగిలినప్పుడు లోపల మెదడు ముందుకు కుదుపుకుంటుందట. ముక్కు నుంచి మెదడుకి పోయే నరాలు దారప్పోగుల్లాంటివి, ఆ కుదుపుకి తెగిపోయి ఉంటాయట. ఏడాదిలోగా వాసన రాకపోతే ఆశ వదులుకోమన్నాడు. ఏడాది వచ్చింది, వాసన రాలేదు.

నష్టపరిహారం కేసు వేశారు. మొదటి కోర్టు తప్పు ట్యాంకరుదేనని తేల్చింది. కుట్లకింత, కట్టుకింత, స్కూటరుకింత, మంచం మీదున్న రోజులకింత అని లెక్క కట్టింది. వాసన దగ్గరికి వచ్చేసరికి, కంటికి కనిపించే వైకల్యం ఏదీ లేదనీ, గింజలు వేయించడానికి కాళ్ళూ చేతులూ చక్కగా ఉన్నాయనీ చెప్పి, ఊరడింపుగా ఓ చిన్న మొత్తం విదిలించింది.

ముక్కాయనకి ముందు నుంచీ కోపం ముక్కు మీదే ఉండేది. ముక్కు పోయినా అది పోలేదు.

"చెయ్యి పోతే లెక్క, కాలు పోతే లెక్క, ముక్కు పోతే లెక్క లేదా?" అని వకీలు మీద పడ్డాడు.

"ముక్కు ఉందనే కదండీ వాళ్ళు అంటున్నది," అన్నాడు వకీలు.

"ఇల్లుందండీ. లోపల మనిషి లేడు."

వకీలు పాతికేళ్ళుగా ఆయన పొడి తాగినవాడు. ఆ మాట బాగుందని రాసుకుని, పై కోర్టులో అప్పీలు దాఖలు చేశాడు. తర్వాత ఒక సాయంత్రం ఇంటికొచ్చి, ఇల్లాలిని కూర్చోబెట్టాడు.

"చూడమ్మా, ఆయన చెబితే డబ్బు కోసం చెప్పాడంటారు. డాక్టరు చెబితే రోగి చెప్పిందే చెప్పాడంటారు. పక్కనే ఉండి చూసిన మనిషివి నువ్వు చెప్పాలి. అదనపు సాక్ష్యం అని కోర్టుని అడిగాను, సరేనన్నారు."

"ఏం చెప్పాలండీ?"

"ఏముంది. ఈ ప్రమాదంతో మా ఇల్లు నరకమైపోయిందని చెప్పు. ఏడుపొస్తే ఆపుకోకు."

ఆమె తలూపింది గానీ, ఆ మాట ఎలా చెప్పాలో తెలీలేదు. ఎందుకంటే ఇల్లు నరకమేమీ కాలేదు. ఆ మాటకొస్తే ఆ ఇంట్లో ఇంత ప్రశాంతంగా ఎప్పుడూ లేదు.

ఇప్పుడామె నిన్నటి కూర ధైర్యంగా వేడిచేస్తోంది. తువ్వాళ్ళు ఎక్కడ ఖాళీ ఉంటే అక్కడ ఆరేస్తోంది. తమ్ముడు వస్తే ముందుగదిలోనే కూర్చుని, కాలు మీద కాలేసుకుని, పొగ వదులుతూ కబుర్లు చెప్పి పోతున్నాడు. అత్తగారైతే నస్యం డబ్బా ఏకంగా దిండు కింద పెట్టుకుంటోంది. నస్యం దొరికాక ఆవిడకి కోడలి మీద చిరాకు కూడా తగ్గిపోయింది. ఇద్దరూ మధ్యాహ్నాలు కాళ్ళు బారజాపుకుని నవ్వుకునే దాకా వచ్చారు. ఇక ఆయన. ఏం వండినా కిక్కురుమనకుండా తినేవాడు. తిని, లేస్తూ, "బాగుంది," అనేవాడు. పెళ్ళయిన నాటి నుంచీ ఆమె ఎదురుచూసిన మాట అది. మొదటిసారి విన్నప్పుడు చేతిలోంచి గరిటె జారింది.

"అమ్మాయ్," అంది అత్తగారు, వకీలు వెళ్ళాక, గొంతు తగ్గించి. "కోర్టులో నువ్వేం చెప్పుకున్నా నాకు అభ్యంతరం లేదు. నా డబ్బా సంగతి మాత్రం ఎత్తకు."

"దాని సంగతి ఎవరడుగుతారత్తయ్యా."

"వాళ్ళు అడగరే. నువ్వే నోరు జారతావు. నువ్వు అబద్ధం ఆడితే చెవులు ఎర్రబడతాయి, నాకు తెలీదా?"

ఆమెకి ఇంకో భయం కూడా ఉంది. అది కొట్టు గురించి. వాసన పోయిన సంగతి ఆయన కొట్టులో ఎవరికీ చెప్పలేదు. పీపా తిప్పుతూ రంగు చూసి, చిటపటలు విని, అంచనాగా వంచేవాడు. ఒకసారి మాడేది, ఒకసారి పచ్చిగా దిగేది. పాతవాళ్ళు ఒక్కొక్కరే తగ్గిపోతున్నారు. ఉన్నవాళ్ళని నిలబెట్టుకోవడానికి ఆయన పూర్వం ఆడని నాటకం ఆడటం మొదలుపెట్టాడు. ఒకరోజు భోజనం డబ్బా ఇవ్వడానికి వెళ్ళి ఆమె చూసింది. ఎవరో కొత్త మనిషి ముందు, గుప్పెడు గింజలు ముక్కు దగ్గర పెట్టుకుని, కళ్ళు మూసుకుని, గుండె నిండా గాలి పీల్చి, "ఇది కొండ పంటండీ, వానకి ముందు కోసింది. అహా," అంటున్నాడు. ఆ గింజలు బూజు పట్టినవని ఆమెకి గుమ్మంలోకే తెలిసిపోయింది. డబ్బా పెట్టి వచ్చేసింది.

వాయిదా రోజు వచ్చింది. జడ్జిగారు నడివయసు ఆవిడ. బాగా జలుబు చేసి ఉంది. కళ్ళు నీళ్ళు కారుతున్నాయి, రుమాలు చేతిలోంచి దిగడం లేదు. ట్యాంకరు బీమా కంపెనీ వకీలు సన్నగా, తీరుగా, మెత్తని గొంతుతో ఉన్నాడు. అలాంటి గొంతుతో పలకరిస్తే ఎవరైనా ఇంట్లో సంగతులన్నీ చెప్పేస్తారని ఆమెకి చూడగానే అనిపించింది.

ముందు ముక్కాయన బోనెక్కాడు. ఇల్లుంది, లోపల మనిషి లేడు అన్న మాట చక్కగా చెప్పాడు. కంపెనీ వకీలు మెచ్చుకున్నట్టు తలూపి లేచాడు.

"అయ్యా, మీకు బొత్తిగా ఏ వాసనా తెలీదు కదూ?"

"తెలీదండీ."

"పోయిన నెల మా మనిషి ఒకతను మీ కొట్టుకి వచ్చాడు. మీరు గింజలు వాసన చూసి, ఇది కొండ పంట, వానకి ముందు కోసింది, అహా, అన్నారట. ఆ అహాతో సహా అతను కోర్టుకి చెప్పడానికి సిద్ధంగా ఉన్నాడు. అన్నారా లేదా?"

ముక్కాయనకి గొంతులో పచ్చి వెలక్కాయ పడ్డట్టయింది. వాసన తెలిసే అన్నానంటే కేసు పోతుంది. తెలీకుండా అన్నానంటే కొట్టు పోతుంది. కోర్టు హాల్లో బజారువాళ్ళు నలుగురైదుగురు కూడా కూర్చుని ఉన్నారు. ఆయన బోను కర్ర పట్టుకుని, వాళ్ళ వంక ఒకసారి, జడ్జిగారి వంక ఒకసారి చూసి, "అన్నానండీ," అని ఊరుకున్నాడు.

"వాసన చూసే అన్నారా?"

ఆయన బజారువాళ్ళ వంకే చూస్తూ నిలబడ్డాడు.

"చాలు," అన్నాడు కంపెనీ వకీలు, పెళ్ళివారిని సాగనంపినంత మర్యాదగా.

తర్వాత ఇల్లాలి వంతు. అంతా నిజమే చెబుతానని ఆమె చేత చెప్పించారు. వాళ్ళ వకీలు లేచి, ప్రమాదం తర్వాత ఇల్లు ఎలా ఉందో చెప్పమ్మా అన్నాడు. నరకం అన్న మాట ఆమె నాలుక చివరి దాకా వచ్చి, అక్కడే ఆగిపోయింది. చెవులు వెచ్చబడటం తెలుస్తోంది.

"బానే ఉందండీ," అంది.

వకీలు నల్లకోటు ఒక్కసారి వేలాడినట్టు అయిపోయింది. ఇంకేవో రెండు ప్రశ్నలు వేసి కూర్చున్నాడు. కంపెనీ వకీలు ఉత్సాహంగా లేచాడు.

"అమ్మా, ప్రమాదానికి ముందు మీ ఆయన మీ వంటకి వంకలు పెట్టేవారా?"

"రోజూనండీ."

"ఇప్పుడో?"

"అస్సలు పెట్టరండీ."

"అంటే ఇల్లు ప్రశాంతంగా ఉంది."

"ఉందండీ. మా అత్తగారు నస్యం కూడా మళ్ళీ మొదలుపెట్టారు."

అనేశాక ఆమె నాలుక కరుచుకుంది. వెనక బెంచీలో అత్తగారు తల కొట్టుకోవడం వినపడింది. ముక్కాయన గిర్రున తిరిగి తల్లి వంక చూశాడు. ఆవిడ కిటికీలోంచి బయట చెట్టుని పరీక్షగా చూడసాగింది. హాల్లో నవ్వులు లేచాయి. జడ్జిగారు కూడా రుమాలు అడ్డం పెట్టుకున్నారు. జలుబు వల్లో కాదో తెలియలేదు.

"నిజం చెప్పండమ్మా, భయం లేదు," అన్నాడు కంపెనీ వకీలు, మరింత మెత్తగా. "మీకు ఇప్పుడే సుఖంగా ఉంది, అవునా?"

"మొదట్లో చాలా సుఖంగా ఉందండీ."

"అంతే కదా. ఇక అడగవలసిందేమీ లేదు," అని ఆయన కూర్చోబోయాడు.

"మొదట్లో అంటున్నారావిడ," అన్నారు జడ్జిగారు. "తర్వాత?"

ఈ ప్రశ్న వకీలు నేర్పించలేదు. ఆమె కూడా తనకి తాను ఎప్పుడూ వేసుకోలేదు. అందుకని మొదటి నుంచీ మొదలుపెట్టింది.

"ఆయన ఎప్పుడూ నా వంట బాగుందని అనలేదండీ. ఎక్కువ వేగింది, తక్కువ వేగింది, నూనె పాతది, గరిటె మార్చలేదు, ఇదే పాట. ఎప్పుడైనా ఏమీ అనకుండా రెండోసారి వడ్డించుకుంటే, ఆ రోజు బాగున్నట్టు. అలాంటి రోజు నెలకొకటి వచ్చేది. ఆ రోజు పొద్దున్నుంచీ ఏం చేశానో గుర్తుపెట్టుకునేదాన్ని. ఇప్పుడు రోజూ బాగుందంటున్నారు. మొన్నామధ్య బంగాళాదుంపల కూర పొయ్యి మీద పెట్టి, మా అత్తగారితో మాటల్లో పడ్డానండీ. బొగ్గయిపోయింది. పారేద్దామనుకునే లోపు ఆయనొచ్చి కూర్చున్నారు. ఏమంటారో చూద్దామని, అదే పెట్టాను."

"ఏమన్నారు?" అన్నారు జడ్జిగారు.

"రెండుసార్లు వడ్డించుకున్నారండీ. బాగుందన్నారు."

ఈసారి ఎవరూ నవ్వలేదు. కంపెనీ వకీలు కూర్చోవాలో లేవాలో తెలీక మధ్యలో ఉండిపోయాడు.

"నేను వంటింట్లోకి పోయి ఆ బొగ్గు కాస్త నోట్లో వేసుకున్నాను. మింగలేకపోయాను. ఈయన దాన్ని ఎలా తిన్నారా అని చూస్తే, ఆయన నా మొహం చూసి తింటున్నారండీ. నేను బాధపడినట్టు కనిపిస్తే బాగుందంటారు. సంతోషంగా కనిపించినా బాగుందంటారు. అది కూరని మెచ్చుకోవడం కాదు, చీకట్లో గోడ తడుముకోవడం. కొట్టులో కూడా అంతే. ఆ కంపెనీ మనిషి వచ్చిన పూట నేను అక్కడే ఉన్నాను. ఆయన కొండ పంట, అహా, అన్న గింజలు బూజు కొడుతున్నాయి. గుమ్మంలో నాకే తెలిసింది. ఆ మనిషికి తెలీలేదేమో మరి, కొనుక్కుని వెళ్ళాడు కూడాను."

బజారువాళ్ళ బెంచీలో చిన్న కదలిక పుట్టింది. ముక్కాయన తల వంచేశాడు. ఆమె ఆయన వంక చూడలేదు. చూస్తే ఆగిపోతానని తెలుసు.

"ఇల్లు ప్రశాంతంగానే ఉందండీ. కానీ నేను ఎలా వండుతున్నానో నాకిప్పుడు తెలీట్లేదు. అడగడానికి మనిషి లేడు. అంతేనండీ."

జడ్జిగారు గట్టిగా చీది, రుమాలు మడత పెట్టుకున్నారు.

"వారం రోజులుగా నేను తిన్నదేదో నాకూ తెలీట్లేదు," అన్నారు, కంపెనీ వకీలుతో. "అన్నం తింటుంటే దూది నమిలినట్టుంది. నాది నాలుగు రోజుల్లో తగ్గిపోతుంది. మీరు కంటికి కనిపించే వైకల్యం లేదంటారు. ఈయన జీవనాధారం ఎక్కడుందో కింది కోర్టు చూడనే లేదు."

తీర్పు తర్వాతి వాయిదాకి వచ్చింది. అడిగినంత ఇవ్వలేదు గానీ, కింది కోర్టు ఇచ్చినదానికి నాలుగింతలైంది. సంపాదనకి కలిగిన నష్టం కింద పెద్ద భాగం, జీవితంలో రుచి పోయినందుకు కొంత భాగం. వకీలు మెట్లు దిగుతూ, ఇది నా వాదన వల్లనో మీ ఆవిడ వల్లనో కాదు, ఆ జలుబు వల్ల, అని ఒప్పుకున్నాడు. ఇంకా పైకి వెళ్ళవచ్చు, మిగతాది కూడా రాబట్టవచ్చు అని కూడా అన్నాడు.

ముక్కాయన భార్య వంక చూశాడు. "వద్దులెండి," అన్నాడు. "ఈవిడ ఇంకోసారి బోనెక్కిందంటే మా ఇంటికి తలుపులుండవు."

అసలు సాక్ష్యం చెప్పిన రోజు నుంచి తీర్పు దాకా ఆయన ఆమెతో సరిగా మాట్లాడనే లేదు. తల్లితో అసలే మాట్లాడలేదు. తన నాటకం బజారుకెక్కిందని కొట్టు తెరవకుండా మొదటి రెండు రోజులు ఇంట్లోనే, కాలుగాలిన పిల్లిలా తిరిగాడు. మూడో రోజు అత్తగారే కోడలి చాటున నిలబడి, "వెళ్ళరా, ఇంట్లో ఉంటే నాకు ఊపిరాడటం లేదు," అంది. పెరట్లోకి వెళ్ళి పీల్చుకునే అవస్థ ఆవిడకి మళ్ళీ వచ్చిపడింది మరి.

ఆయన వెళ్ళి కొట్టు తెరిచాడు. ఎవరూ రారనుకున్నాడు. ముందు వచ్చినవాడు ఎదురుగా గడియారాలు బాగుచేసే ఆయన.

"నాకు వాసన తెలీదు," అన్నాడు ముక్కాయన, మొహం మీద గుద్దినట్టు. "ఇది సరిగా వేగిందో లేదో మీరే చూసి చెప్పండి. నచ్చకపోతే తీసుకోవద్దు."

గడియారాలాయన్ని జన్మలో ఎవరూ అభిప్రాయం అడిగిన పాపాన పోలేదు. గింజలు అరచేతిలో పోసుకుని, అటు తిప్పి ఇటు తిప్పి వాసన చూశాడు. "కాస్త ముందే దించేశారేమో," అన్నాడు, పెద్ద డాక్టరులాగా. ముక్కాయన ఆ గింజల్ని మళ్ళీ పీపాలో పోసి, ఆయన్ని పక్కనే నిలబెట్టుకుని తిప్పాడు. అయిందన్నప్పుడు వంచాడు.

ఆ మాట మర్నాటికల్లా బజారంతా పాకింది. ముక్కాయన కొట్టులో కొనేవాళ్ళే వాసన చూసి చెప్పాలట అని, మానేసినవాళ్ళు కూడా వచ్చారు. వచ్చినవాళ్ళు పొడి కట్టించుకుని పోరు. పీపా చుట్టూ ముక్కులు చాచుకుని నిలబడతారు. రొట్టె వాసన వచ్చిందని ఒకరంటే, ఇంకా గడ్డి వాసనేనని ఇంకొకరు. బడిపంతులుగారు కళ్ళు మూసుకుని చెయ్యెత్తుతారు, ఇప్పుడు, అన్నట్టు. ఎవరి మాట వినాలో ముక్కాయన ముక్కుల్ని బట్టి కాకుండా మనుషుల్ని బట్టి నేర్చుకున్నాడు. పంతులుగారు ఎప్పుడూ తొందరపడతారు, గడియారాలాయన ఎప్పుడూ ఆలస్యం చేస్తారు, ఇద్దరి మధ్యా పట్టుకుంటే గింజ సరిగా దిగుతుంది. పొడి పూర్వంలా లేదు. కానీ తాగేటట్టు ఉంది. వచ్చిన డబ్బుతో, మంట వేడి చూపించే ముల్లున్న కొత్త పీపా కూడా కొన్నాడు. జనానికి మాత్రం ఆ ముల్లంటే లెక్కలేదు.

ఒక సాయంత్రం ఆయన ఇంటికొచ్చి, చెప్పులు విడిచి, విసురుగా పళ్ళెం ముందు కూర్చున్నాడు.

"ఒక్కడికి కూడా ముక్కు లేదే," అన్నాడు. "ఈ ఊళ్ళో ఒక్కడికి లేదు. మధ్యాహ్నం ఒకాయన బ్రహ్మాండంగా వేగిందంటాడు. నాకు రంగు కనిపించడం లేదా? మసి. మొహాన మసి పూసుకున్నట్టుంది. పైగా నాకు చెబుతాడు."

ఆమె వడ్డిస్తూ వింటోంది. ఆయన పంతులుగారిని తిట్టాడు, గడియారాలాయన్ని తిట్టాడు, కొత్త పీపా ముల్లుని తిట్టాడు. తిడుతూ తిడుతూ కూర అంతా తినేశాడు. అది ఎలా ఉందో చెప్పడం మర్చిపోయాడు. ఆమె అడగలేదు. ఎదురుగా కూర్చుని, ఆ బ్రహ్మాండమన్నాయన ఎవరో చెప్పమని, ఇంకో గరిటె వేసింది.